సంపులోకి యాసిడ్ సీసా దించకండి

పోయిన వారం మా పక్క వీధి అపార్ట్‌మెంట్‌లో సంపు కడగడానికి దిగిన వాచ్‌మన్ ఇప్పుడు ఆసుపత్రిలో ఆక్సిజన్ మీద ఉన్నాడు. అతన్ని పైకి లాగుదామని దిగిన బావమరిదిదీ అదే పరిస్థితి. మాది విశాఖపట్నంలో గాజువాక. చుట్టూ ఫ్యాక్టరీలు కాబట్టి గ్యాస్ అనగానే అందరి కళ్లూ వాటి గోడల వైపే పోతాయి. 2020 మే 7న తెల్లవారుజామున ఎల్‌జీ పాలిమర్స్ ఫ్యాక్టరీ నుంచి వెంకటాపురం మీద స్టైరిన్ అనే రసాయనం ఆవిరి పడ్డాక ఆ భయం ఇంకా పెరిగింది, తప్పులేదు. కానీ ఈ వాచ్‌మన్‌ని పడగొట్టిన గ్యాస్ ఏ ఫ్యాక్టరీ నుంచీ రాలేదు. "యాసిడ్, ఫినాయిల్" అని అరుస్తూ సైకిల్ మీద వచ్చే మనిషి దగ్గర కొన్న సీసా ఒకటి, కిరాణా కొట్టులో కొన్న బ్లీచింగ్ పౌడర్ ప్యాకెట్ ఒకటి. రెండూ కలిశాయి, అంతే.

నేను మంచినీళ్ల ప్లాంట్‌లో క్లోరిన్ టన్నర్ల (పెద్ద సిలిండర్ల) దగ్గర ఇరవై రెండేళ్లు పనిచేసి రిటైరయ్యాను. అక్టోబరు వస్తోంది. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ ఏం చేసిందో ఈ ఊళ్లో ఎవరికీ కొత్తగా చెప్పక్కర్లేదు. తుఫాను వెలిసిన మర్నాటి నుంచే మురికినీళ్లు దిగిన సంపులు కడగడం మొదలవుతుంది, ఆ వెనకే దీపావళి శుభ్రాలు. గ్లవ్స్ వేసుకోండి, పిల్లల్ని దూరంగా ఉంచండి లాంటివి ప్యాకెట్ మీదే రాసుంటాయి, అవి నేను చెప్పను. నేను చెప్పేది ఒక్కటే: యాసిడ్, బ్లీచింగ్ కలపకండి. ఒకే బకెట్లో కలపకపోవడం ఒక్కటే చాలదు. ఒకే గచ్చు మీద, ఒకే రోజు కూడా వద్దు.

ఎందుకో చెప్తాను. 1774లో స్వీడన్‌లో షీలే అనే ఆయన మాంగనీస్ ఖనిజం మీద ఇదే యాసిడ్, అంటే హైడ్రోక్లోరిక్ యాసిడ్ పోస్తే ఊపిరాడనివ్వని పసుపుపచ్చ గాలి వచ్చింది. అది మూలకమని 1810లో డేవీ తేల్చి, దాని రంగుని బట్టే గ్రీకులో క్లోరిన్ అని పేరు పెట్టాడు. అంతకుముందే 1799లో గ్లాస్గోలో టెనెంట్ ఆ వాయువుని తడిపిన సున్నానికి పట్టించి పొడిగా అమ్మడానికి పేటెంట్ తీసుకున్నాడు. మన బ్లీచింగ్ పౌడర్ అదే. అంటే ప్యాకెట్లో ఉన్నది సున్నంలో కట్టేసిన క్లోరిన్, యాసిడ్ పోయడమంటే ఆ కట్టు విప్పడం. మంచి పౌడర్‌లో క్లోరిన్ మూడో వంతు దాకా ఉంటుంది. అరకిలో ప్యాకెట్లో ఎంత ఉందో మీరే లెక్కేసుకోండి.

ఈ హాలోజన్ల జాతే అంత. ఫ్లోరిన్, క్లోరిన్, బ్రోమిన్, అయోడిన్, అన్నిటికీ బయటి కక్ష్యలో ఏడు ఎలక్ట్రాన్లు, ఎనిమిదోది ఎక్కడ దొరుకుతుందా అని చూస్తుంటాయి. నీళ్లలో సూక్ష్మజీవి దొరికితే దాన్నుంచి లాక్కుంటాయి, అందుకే అవి మనకి పనికొస్తున్నాయి. మీ ఊపిరితిత్తుల తడి దొరికితే అక్కడా ఊరుకోవు, క్లోరిన్ ఆ తడిలో కరిగి యాసిడ్‌గా మారుతుంది.

ఇక సంపు సంగతి. క్లోరిన్ గాలి కంటే దాదాపు రెండున్నర రెట్లు బరువు. మేడ మీద కలిస్తే గాలికి కొంత పోతుంది. సంపులో కలిస్తే ఎక్కడికి పోతుంది? నీళ్లలాగే అడుగున నిలబడుతుంది. వంగి పాచి రుద్దుతున్న మనిషి ముఖం సరిగ్గా అక్కడే ఉంటుంది. మూత రెండడుగులు, నిచ్చెన ఒకటి, దగ్గు మొదలయ్యాక మెట్టు దొరకదు. ఈ వాచ్‌మన్ గోడల పాచికి ముందు యాసిడ్ కొట్టాడు. రెండు బకెట్ల నీళ్లు పోసి కడిగానన్నాడు, నిజమే, కడిగాడు. కానీ మూలనున్న గుంటలో గిద్దెడు యాసిడ్ నిలిచిపోయింది, దాని మీదే పౌడర్ చల్లాడు. "ఏటవుద్ది సార్, రోజూ వాడే యాసిడ్డే కదా" అని కిందటేడు ఇంకో చోట ఒకతను నాతోనే అన్నాడు. రోజూ వాడేదే. విడివిడిగా.

నన్నడిగితే సంపుకి అసలు యాసిడ్ అక్కర్లేదు. గట్టి బ్రష్షు, నీళ్లు, ఓపిక చాలు. యాసిడ్ సిమెంటుని కూడా తినేస్తుంది. బాత్రూంలో వాడే టాయిలెట్ క్లీనర్లలో చాలావాటిలో ఉండేది ఆ యాసిడే, కాబట్టి టాయిలెట్లో క్లీనర్ పోసి పైన బ్లీచింగ్ చల్లడం కూడా అదే తప్పు. నిమ్మరసం, వెనిగర్ కూడా యాసిడ్లే. అమ్మోనియా ఉన్న వాటితో కలిస్తే వచ్చేది వేరే విషవాయువు, అదీ వద్దు.

గ్యాస్ పీల్చిన మనిషికి పాలు తాగించడం, బెల్లం పెట్టడం మనవాళ్లకి అలవాటు. పాలు పోయేది కడుపులోకి, గ్యాస్ పోయింది ఊపిరితిత్తుల్లోకి, దీనికీ దానికీ సంబంధం లేదు. అంతకంటే ప్రమాదం, "దగ్గు తగ్గిపోయింది, ఇంటికెళ్లి పడుకుంటా" అనడం. ఊపిరితిత్తుల్లో నీరు చేరడం కొన్ని గంటల తర్వాత మొదలవ్వచ్చు. పగలు బాగానే ఉన్నవాళ్లకి రాత్రికి ఆయాసం వచ్చిన సందర్భాలు ప్లాంట్‌లో చూశాం. బట్టలు తీసేసి, కళ్లు పావుగంట నీళ్లతో కడిగి, పడుకోబెట్టకుండా కూర్చోబెట్టి, నడిపించకుండా ఆసుపత్రికి తీసుకెళ్లండి. 108 ఉంది.

వెల్డింగ్ షాపుల వాళ్లకి, షిప్‌యార్డులో కాంట్రాక్టు పనికెళ్లే కుర్రాళ్లకి ఇంకో మాట. క్లోరిన్ దుర్మార్గమైనదే కానీ వాసనతో ముందే చెప్తుంది. వెల్డింగ్‌లో వాడే ఆర్గాన్ గ్యాస్ చెప్పదు. 1894లో రేలీ, రామ్సే అనే శాస్త్రవేత్తలు పట్టుకునేదాకా మనం పీల్చే గాలిలో నూటికి దాదాపు ఒక వంతు అదే ఉందని లోకానికే తెలియలేదు, అంత నిశ్శబ్దం. పేరుకి అర్థమే సోమరి అని. బయటి కక్ష్య ఎనిమిదితో నిండిపోయింది కాబట్టి దేనితోనూ కలవదు, విషం కూడా కాదు. (ఆర్గాన్ లాగే దేనితోనూ కలవని హీలియం కథ మొదలైంది 1868 ఆగస్టు 18 సూర్యగ్రహణంతో. ఆ రోజు ఫ్రెంచి శాస్త్రవేత్త జాన్సెన్ సూర్యుణ్ణి చూసింది మన గుంటూరు నుంచే, ఈ సంగతి స్కూల్లో ఎవరూ చెప్పలేదు నాకు.) విషం కాకపోతే ప్రమాదం ఏంటంటారా? ఆర్గాన్ గాలి కంటే బరువు. ట్యాంకులోనో పైపులోనో ఆర్గాన్ వెల్డింగ్ చేస్తే అడుగున నిండి ఆక్సిజన్‌ని పైకి నెట్టేస్తుంది. మనకి ఊపిరాడట్లేదని తెలిసేది ఒంట్లో కార్బన్ డయాక్సైడ్ పేరుకున్నప్పుడు, ఆక్సిజన్ తగ్గినందుకు కాదు. అందుకే దగ్గు రాదు, భయం వెయ్యదు. నాలుగు ఊపిర్లలోపే పడిపోవచ్చు.

మిగతావి గుర్తొచ్చినట్టు రాస్తున్నాను.

యాసిడ్ వాడిన రోజు బ్లీచింగ్ ముట్టుకోకండి.
సంపులోకి దిగే ముందు మూత తీసి గంటలకొద్దీ వదలండి, ఫ్యాన్ గాలి అడుగుదాకా పోయేలా పెట్టండి. కొవ్వొత్తి వెలిగింది కదా అని దిగకండి.
ట్యాంకులోకి ఆక్సిజన్ మీటరు లేకుండా దిగమంటే దిగనని చెప్పండి. 19.5 శాతం కంటే తక్కువ చూపిస్తే వద్దు.
ఆర్గాన్ గొట్టాన్ని టీ విరామంలో లోపల వదిలెయ్యకండి.
పైన ఒక మనిషి, అతని చేతిలో తాడు, ఆ తాడు కిందవాడి నడుముకి. ఫోన్ చూసుకునే మనిషి వద్దు.
కిందవాడు పడిపోతే పైవాడు దిగకూడదు. బావమరిదైనా, కొడుకైనా. తాడు లాగండి, 101కి చెయ్యండి.
కోవిడ్ మాస్కు, తడి తువ్వాలు గ్యాస్‌ని ఆపవు.
క్లోరిన్ సిలిండర్ లీకైతే దాని మీద నీళ్లు కొట్టకండి, కన్నం ఇంకా పెద్దదవుతుంది. గాలికి ఎదురుగా పోండి, పల్లానికి పోకండి.
శుభ్రమైన నీళ్లయితే వెయ్యి లీటర్లకి రెండున్నర గ్రాముల మంచి పౌడర్ చాలు. బకెట్ నీళ్లలో కలిపి, సున్నం అడుక్కి దిగాక పైతేట పోసి, గంట ఆగి వాడండి. గుప్పెళ్లతో చల్లకండి.
పౌడర్ సంచి తడి తగిలే చోట పెట్టకండి, కిరసనాయిల్ పక్కన అసలే వద్దు, దీపావళి సామాను పక్కన కూడా.
యాసిడ్‌ని కూల్‌డ్రింక్ సీసాలో పొయ్యనివ్వకండి.
యాసిడ్, బ్లీచింగ్ కలపకండి. మూడోసారి చెప్తున్నా.
మీ అపార్ట్‌మెంట్లో సంపు మూత పక్కన మీటర్ గదిలో ఆ రెండూ ఒకే అరలో ఉంటాయి, నేను చూసిన ప్రతి చోటా అలాగే ఉన్నాయి. ఇప్పుడే వెళ్లి సీసాని అక్కణ్ణుంచి తీసేయండి.