జూనియర్ కంటే బేసిక్ తక్కువగా ఉందా? ఫార్మసిస్టుల స్టెప్పింగ్ అప్ దరఖాస్తు విధానం

కర్నూలు జిల్లాలో ప్రభుత్వ ఫార్మసిస్టులు కలిసినప్పుడల్లా వినిపించే మాట: "నా తర్వాత చేరినాయనకు నాకంటే బేసిక్ ఎక్కువెట్లా వచ్చింది?" చాలాసార్లు కారణం ఇదీ. సీనియర్ ముందే ప్రమోషన్ తీసుకుంటారు. జూనియర్ కింది పోస్టులోనే ఉండి ఏఏఎస్ స్కేలు (ఒకే పోస్టులో నిర్ణీత ఏళ్లు పనిచేస్తే ప్రమోషన్ లేకున్నా ఇచ్చే పై స్కేలు) అందుకుని, తర్వాత అదే ప్రమోషన్‌కు వస్తారు. కొత్త పోస్టులో పే నిర్ణయం, అంటే ఫిక్సేషన్, అయ్యేసరికి జూనియర్ పే సీనియర్ పేను దాటిపోతుంది. సీనియర్ పేను జూనియర్ పేకు సమానంగా పెంచి దీన్ని సరిచేయమని అడగడానికి నిబంధనల్లోనే దారి ఉంది, దాన్నే స్టెప్పింగ్ అప్ అంటారు.

ముందు అర్హత చూసుకోండి. ఇద్దరూ ఒకే సీనియారిటీ జాబితాలో, ఒకే కేడర్‌లో ఉండాలి. పాత పోస్టు స్కేలు, కొత్త పోస్టు స్కేలు ఇద్దరికీ ఒకటే కావాలి. మీరు జీతం లేని సెలవు పెట్టడం వల్లో, ప్రమోషన్ వద్దనడం వల్లో, శిక్షగా ఇంక్రిమెంటు ఆగడం వల్లో తేడా వచ్చి ఉంటే క్లెయిమ్ నిలబడదు.

దరఖాస్తు డీడీఓ (మీ జీతం బిల్లు చేసే అధికారి) ద్వారా పై అధికారికి వెళ్లాలి. నియామక ఉత్తర్వు, ప్రమోషన్ ఉత్తర్వు, సీనియారిటీ జాబితా, మీ ఎస్ఆర్ (సర్వీసు రిజిస్టర్) పేజీల నకళ్లు జతచేయండి. ఇవన్నీ మీ చేతిలో ఉండేవే.

అసలు చిక్కు జూనియర్ పే వివరాల దగ్గర వస్తుంది. చాలామంది స్నేహితుడి దగ్గర పే స్లిప్ తీసుకుని జతచేస్తారు. అందులో ఈ నెల బేసిక్ ఉంటుంది కానీ, ఆ బేసిక్ ఎట్లా వచ్చిందో ఉండదు. అందుకే ఫైలు వెనక్కి వస్తుంది. కావలసింది ఇద్దరి వివరాలూ పక్కపక్కన చూపే పట్టిక: చేరిన తేదీ, ప్రతి ఇంక్రిమెంటు, ఏఏఎస్ తేదీ, పీఆర్సీ (వేతన సవరణ) ఫిక్సేషన్, ప్రమోషన్ తేదీ, ఆ రోజు పే. జూనియర్ వైపు వివరాలను ఆయన ఎస్ఆర్ చూసి ఆయన డీడీఓ సంతకం, సీలు వేసి ధ్రువీకరించాలి.

అవి సమాచార హక్కు చట్టం కింద వస్తాయనుకుని నెలలు పోగొట్టుకోకండి. ఉద్యోగి సర్వీసు వివరాలు వ్యక్తిగత సమాచారమని 2012లో గిరీష్ దేశ్‌పాండే కేసులో సుప్రీంకోర్టు చెప్పింది, ఆఫీసులు దాన్నే చూపి తిరస్కరిస్తాయి. ఆ వివరాలు తెప్పించమని మీ డీడీఓనే రాతపూర్వకంగా కోరండి, ఆఫీసు నుంచి ఆఫీసుకు లేఖ వెళ్తుంది. 2022 ఏప్రిల్ 4న నంద్యాల వేరే జిల్లా అయింది కాబట్టి జూనియర్ ఇప్పుడు ఆ వైపు పనిచేస్తుంటే లేఖ అక్కడికే పోవాలి. పాత కర్నూలు ఆఫీసులో వెతికితే దొరకదు.

ఇంకో మాట. స్టెప్పింగ్ అప్ మీ ప్రమోషన్ తేదీ నుంచి రాదు, జూనియర్ ప్రమోషన్ తేదీ నుంచే వస్తుంది. దరఖాస్తులో ఆ తేదీ స్పష్టంగా రాయండి.

"ఇంత ఇవ్వు, ఎరియర్లతో సహా తెప్పిస్తా" అని ఎవరైనా దగ్గరికి వస్తే నమ్మొద్దు. జూనియర్ డీడీఓ ధ్రువీకరణ లేకుండా ఏ దళారీ ఫైలు కదిలించలేడు, అది ఉంటే దళారీ అక్కర్లేదు. ఆఫీసులోనే లంచం అడిగితే ఏసీబీ టోల్ ఫ్రీ 1064కు ఫోన్ చేయండి.

కాంట్రాక్టు ఫార్మసిస్టులకు ఈ దారి వర్తించదు. వాళ్లకు ఆధారం జగ్‌జీత్ సింగ్ కేసులో 2016 అక్టోబరు 26న సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు. అదే పని చేసే తాత్కాలిక ఉద్యోగికి రెగ్యులర్ స్కేలులో కనీస పే ఇవ్వాలని అందులో ఉంది. పని ఒకటేనని నిరూపించే బాధ్యత మాత్రం అడిగినవాళ్లదే. ఇండెంట్ల మీద, స్టాక్ రిజిస్టర్‌లో మీ సంతకాలున్న పేజీల నకళ్లు ఇప్పటినుంచే దాచుకోండి.

దరఖాస్తు ఇచ్చాక తేదీ, సీలుతో అక్నాలెడ్జ్‌మెంట్ తప్పక తీసుకోండి. జవాబు రాకపోతే, ఉద్యోగుల సర్వీసు కేసులు చూసే రాష్ట్ర ట్రిబ్యునల్ రద్దయింది కాబట్టి నేరుగా హైకోర్టుకే వెళ్లాలి. తర్సేమ్ సింగ్ కేసులో 2008 నాటి సుప్రీంకోర్టు తీర్పు ప్రకారం పాత బకాయిలు సాధారణంగా పిటిషన్‌కు ముందు మూడేళ్ల వరకే వస్తాయి. ఆలస్యం చేసిన ప్రతి నెలా ఒక నెల బకాయి పోతుంది.