బ్యాంకు మీ ఇంటిని వేలం వేస్తోందా? డీఆర్‌టీలో ఎలా సవాలు చేయాలి?

వేలం నోటీసు చూడగానే చాలామంది తెలిసిన లాయరును పట్టుకుని సివిల్ కోర్టులో దావా వేయిస్తారు. ఫీజు దండగ. బ్యాంకులు కోర్టుకు వెళ్లకుండానే తాకట్టు ఆస్తిని అమ్ముకోవడానికి వీలిచ్చే 2002 నాటి సర్ఫేసీ చట్టం 34వ సెక్షన్ ప్రకారం ఈ గొడవల్లో సివిల్ కోర్టు జోక్యం చేసుకోకూడదు. వెళ్లాల్సింది రుణ వసూళ్ల ట్రైబ్యునల్‌కు, అంటే డీఆర్‌టీకి. తెలుగు రాష్ట్రాల్లో ఇవి హైదరాబాద్‌లో, విశాఖపట్నంలో ఉన్నాయి.

1. ముందు తేదీలు రాసుకోండి

డీఆర్‌టీలో మన కష్టాల కంటే బ్యాంకు తప్పిన నిబంధనలకే బలం ఎక్కువ. ఆ తప్పులు చాలావరకు తేదీల్లోనే దొరుకుతాయి. అందుకే నోటీసు వచ్చిన కవరును కూడా పారేయొద్దు, దాని మీద పోస్టాఫీసు ముద్ర ఉంటుంది. పేపర్లో పడ్డ ప్రకటనను తేదీ కనిపించేలా మొత్తం పేజీతో దాచండి.

ఆ తర్వాత ఒక్కొక్కటే సరిచూడండి. బాకీ కట్టమని డిమాండ్ నోటీసు ఇచ్చాక బ్యాంకు 60 రోజులు ఆగిందా? మీరు అభ్యంతరం రాసి పంపితే 15 రోజుల్లో జవాబిచ్చిందా? ఆస్తిని స్వాధీనం చేసుకున్నామని చెప్పే పొసెషన్ నోటీసును, స్వాధీనం చేసుకున్న ఏడు రోజుల్లోగా రెండు పత్రికల్లో వేసిందా, అందులో ఒకటి స్థానిక భాషలో ఉందా? హామీ సంతకం పెట్టినవారికీ నోటీసులు అందాయా?

అన్నిటికంటే ముఖ్యమైనది వేలం గడువు. మొదటిసారి వేలానికి 30 రోజుల వ్యవధి ఇవ్వాలి. మే 5న ప్రకటన వేసి మే 30న వేలం పెట్టారనుకోండి, 25 రోజులే అయ్యాయి. మీ దరఖాస్తులో మొదటి పాయింటు అదే. మొదటి వేలంలో అమ్ముడుపోక మళ్లీ పెడితే మాత్రం 15 రోజులు చాలు.

2. ధర, భూమి రకం చూడండి

రిజర్వ్ ధర, అంటే వేలంలో కనీస ధర పెట్టేముందు గుర్తింపు ఉన్న వాల్యూయర్ చేత విలువ కట్టించాలి. "మా ఇల్లు కోటి చేస్తుంది" అని నోటిమాటగా అంటే ఎవరూ వినరు. మీరూ ఒక వాల్యుయేషన్ రిపోర్టు తెచ్చుకోండి.

సాగుభూమి ఈ చట్టం కిందకు రాదు. అయితే పట్టాదారు పాస్‌బుక్కు ఒక్కటే చాలదు, అక్కడ నిజంగా సాగు జరుగుతున్నట్టు చూపించాలి.

3. 45 రోజుల్లోపు దరఖాస్తు వేయండి

సర్ఫేసీ చట్టం 17వ సెక్షన్ కింద వేసే దీన్ని లాయర్లు ఎస్.ఏ. (సెక్యూరిటైజేషన్ అప్లికేషన్) అంటారు. ఏ చర్యను ప్రశ్నిస్తున్నారో ఆ తేదీ నుంచి 45 రోజులు లెక్క. అప్పుదారు కట్టే ఫీజు బాకీని బట్టి ఉంటుంది: 10 లక్షల లోపైతే లక్షకు 500 రూపాయలు. ఎంత పెద్ద బాకీకైనా లక్ష రూపాయలు దాటదు.

ఎస్.ఏ. వేసినంత మాత్రాన వేలం ఆగదు. స్టే కోసం విడిగా అడగాలి. ఇస్తే సాధారణంగా కొంత సొమ్ము కట్టమని షరతు పెడతారు, ఆ డబ్బు ముందే చూసుకోండి. వేలం అయిపోయి ఉంటే కొన్నవారిని కూడా ప్రతివాదిగా చేర్చాలి.

డబ్బు సమకూరేలా ఉంటే వేలం ప్రకటన రాకముందే కట్టేయండి. ఈ చట్టానికి 2016లో చేసిన సవరణ తర్వాత, ప్రకటన వెలువడ్డాక మొత్తం బాకీ తెచ్చినా ఆస్తి విడిపించుకునే హక్కు ఉండదని సుప్రీంకోర్టు 2023లో తేల్చింది. "వేలం రోజుకల్లా సర్దుదాంలే" అనుకునేవాళ్లు దెబ్బతినేది ఇక్కడే.

4. హైకోర్టు, అప్పీలు

నేరుగా హైకోర్టులో రిట్ వేద్దామంటే, డీఆర్‌టీ ఉండగా ఇక్కడికెందుకొచ్చారని అడుగుతారు. 2024లో తెలంగాణ నుంచి వెళ్లిన ఒక కేసులో సుప్రీంకోర్టు ఇదే గట్టిగా చెప్పింది.

డీఆర్‌టీలో ఓడితే 30 రోజుల్లో అప్పీలు చేసుకోవచ్చు. మన ట్రైబ్యునళ్ల మీద అప్పీళ్లు కోల్‌కతాలో వింటారు. అప్పుదారు బాకీలో సగం డిపాజిట్ చేయాలి, కారణం చూపితే పావు వంతుకు తగ్గిస్తారు. అంతకంటే తగ్గదు. 40 లక్షల బాకీ ఉంటే కనీసం 10 లక్షలు చేతిలో పెట్టుకునే ఆ రైలెక్కాలి.