నటిస్తూ దర్శకత్వం: ముందుగా తేల్చుకోవాల్సిన పనులు

1953లో 'చండీరాణి'కి భానుమతి దర్శకత్వం వహిస్తూ అందులోనే ద్విపాత్రాభినయం చేశారు, అదీ మూడు భాషల్లో. 1977లో 'దానవీరశూరకర్ణ'కు ఎన్టీఆర్ దర్శకుడు, అందులో కర్ణుడు, దుర్యోధనుడు, కృష్ణుడు మూడు పాత్రలూ ఆయనవే. ఆ రోజుల్లో రష్ (తీసిన ఫిల్మ్‌ను కడిగి వేసిన మొదటి ప్రింటు) ల్యాబ్ నుంచి వచ్చేదాకా షాట్ ఎలా వచ్చిందో చూసుకునే వీల్లేదు. ఇప్పుడు పక్కనే మానిటర్ ఉన్నా, టేక్ నడుస్తున్నంతసేపూ మీరు కెమెరా ముందే ఉంటారు.

అందుకే మీరున్న షాట్‌కి 'ఓకే' ఎవరు చెప్పాలో షూటింగ్‌కి ముందే తేల్చుకోండి. ఫ్రేమ్, ఫోకస్ కెమెరామన్ చూసుకుంటారు. నటనకు మాత్రం కో-డైరెక్టర్ లాంటి ఒక్కరే ఉండాలి, "బాలేదు సార్, వన్ మోర్" అని మొహమాటం లేకుండా అనగలిగేవాడు. నలుగురిని అడిగితే నలుగురూ బాగుందనే అంటారు.

షెడ్యూల్ మొదటి రెండు మూడు రోజులు మీరు లేని సీన్లు పెట్టుకోండి. యూనిట్ వేగం, మీ పద్ధతి ఒకరికొకరికి తెలుస్తాయి. మీరున్న రోజున గెటప్ వేసుకోకముందే బ్లాకింగ్ (ఎవరు ఎక్కడ నిలబడాలి, ఎటు కదలాలి), లెన్స్ తేల్చేయాలి. మేకప్‌లో ఉండగా లైటింగ్ జరగాలంటే మీ ఎత్తు, మీ ఛాయ ఉన్న మనిషిని, అదే రంగు బట్టల్లో, మార్క్ మీద నిలబెట్టండి. పొట్టివాణ్ని నిలబెడితే మీరొచ్చాక లైట్లన్నీ మళ్లీ కదపాలి.

సీన్‌లో ముందు మాస్టర్ (సీన్ మొత్తం, అందరూ కనిపించే షాట్), తర్వాత ఎదుటివారి సజెషన్ (ఒకరి భుజం వెనక నుంచి మరొకరిని చూపే షాట్), క్లోజప్, చివర్న మీవి. అప్పటికి సీన్ మీకు పూర్తిగా పట్టుబడుతుంది. చిక్కేంటంటే, పొద్దు వాలేసరికి మిగిలేది మీ క్లోజప్పే, దాన్ని హడావుడిగా లాగించేస్తారు. అవుట్‌డోర్ అయితే మీ క్లోజప్‌కి పట్టే సమయాన్ని కాల్‌షీట్‌లోనే (ఆ రోజు షూటింగ్ పనుల పట్టికలో) విడిగా రాయించండి.

ఎక్కువగా దొరికిపోయే తప్పు ఒకటుంది. ఎదుటివారు డైలాగ్ చెబుతుంటే దర్శకుడి పెదాలు వాళ్లతో పాటే కదులుతాయి, చూపు వాళ్లను కొలుస్తుంటుంది. సజెషన్‌లో దవడ కదలిక కూడా తెలిసిపోతుంది, ఆ ముక్క ఎడిటింగ్‌లో పనికిరాదు. 'కట్' కూడా మీరు చెప్పకండి. చెప్పాలనే ఆలోచన ఆఖరి రెండు క్షణాల ముందే మొహంలోకి వచ్చేస్తుంది. కో-డైరెక్టర్‌నే, మూడు లెక్కపెట్టి, చెప్పమనండి.

ప్రతి టేకూ ప్లేబ్యాక్ చూస్తే రోజు గడిచిపోతుంది. రెండు నిమిషాల టేకులు ఎనిమిదైతే చూడటానికే పదహారు నిమిషాలు. ఫ్రేమ్ కోసం మొదటిది, ఓకే అనుకున్నది, ఈ రెండూ చాలు.

ద్విపాత్రాభినయమైతే సంభాషణను నడిపించే పాత్రను ముందు తీయండి. రెండో పాత్ర దాని టైమింగ్‌ను పట్టుకోవాలి కాబట్టి, మొదటిదాని ఆడియో వినిపిస్తూ తీయాలి. చూపు సరిగ్గా కలవడానికి, రెండో పాత్ర చోట నిలబడే డూప్ కళ్ల ఎత్తులో గుర్తు పెట్టించండి. కెమెరా, లైట్లు మధ్యలో అంగుళం కదిలినా, విడివిడిగా తీసి ఒకే ఫ్రేమ్‌లో అతికించే రెండు సగాలూ కలవవు.

ఎడిటింగ్‌లో మొదటి కూర్పు ఎడిటర్‌నే ఒంటరిగా చేయనివ్వండి. మీరు పక్కన కూర్చుంటే మీ షాట్లన్నీ ఉంచేయిస్తారు, లేదా సిగ్గుపడి అవసరమైనవీ కోయించేస్తారు. మీ డబ్బింగ్ కూడా అంతే, గాజు అవతల కో-డైరెక్టర్ కూర్చోవాలి.