తొలి నెలల్లో రక్తస్రావం: ముందు గర్భం ఎక్కడుందో తేల్చండి

డ్యూటీలో ఉన్నవారి కోసం రాస్తున్నాను. నాడి, బీపీ, రక్తం గ్రూపు సంగతి మీకు చెప్పనక్కర్లేదు.

కొద్దిగా రక్తం, నొప్పి లేదు, గర్భాశయ ముఖద్వారం మూసుకుని ఉంది

స్కానింగ్‌లో గర్భాశయం లోపలే పిండం గుండె కొట్టుకుంటూ ఉంటే చాలావరకు గర్భం నిలుస్తుంది. మంచం దిగవద్దని భయపెట్టకండి, విశ్రాంతితో గర్భస్రావం ఆగదు. ఇదివరకు గర్భం పోయినవారికి యోనిలో పెట్టే ప్రొజెస్టెరాన్ కొంత మేలు చేయవచ్చు.

ధారగా రక్తం, గడ్డలు, ముఖద్వారం తెరుచుకుంది

గర్భస్రావం జరుగుతోంది. బీపీ పడిపోయినా నాడి నెమ్మదిగానే ఉంటే, ముఖద్వారంలో గర్భం ముక్క ఇరుక్కుందేమో స్పెక్యులమ్ (యోనిని తెరిచి చూసే పరికరం) వేసి చూడండి. దాన్ని తీయగానే బీపీ తేరుకుంటుంది. సెలైన్ మీద సెలైన్ ఎక్కించేవారు ఈ ఒక్క పనీ చేయరు.

చుక్కలుగా ముదురు గోధుమరంగు స్రావం, ఒక పక్క నొప్పి

నన్ను దెబ్బతీసింది ఇదే. ఒకామె బహిష్టు అనుకుని వచ్చింది. కుటుంబ నియంత్రణ ఆపరేషన్ అయింది కదా అని నేను గర్భ పరీక్ష చేయించలేదు. మంచం మీద నుంచి లేస్తూనే కళ్లు తిరిగి పడిపోయింది. గర్భం నిలిచిన ఫాలోపియన్ ట్యూబు (అండవాహిక) పగిలి కడుపు నిండా రక్తం. ఆ ఆపరేషన్ తర్వాత గర్భం రావడం అరుదే. వస్తే మాత్రం ట్యూబులో ఉండే ప్రమాదం ఎక్కువ. రక్తమంతా లోపలే పోతుంది, బట్టకు అంటేది చుక్కలే. మూత్ర పరీక్షకు పట్టేది కొన్ని నిమిషాలు. బహిష్టు వయసులో ఎవరికీ దాన్ని మానకండి.

స్కానింగ్‌లో గర్భాశయంలో చిన్న తిత్తి కనిపించిందని ఊపిరి పీల్చుకోకండి. ఎక్టోపిక్‌లోనూ, అంటే గర్భాశయం బయట నిలిచిన గర్భంలోనూ, అక్కడ ద్రవం చేరి అలాగే కనిపించవచ్చు. యోక్ శాక్ (పిండానికి తొలి పోషణనిచ్చే సంచి) గానీ పిండం గానీ కనిపించాకే గర్భం లోపలే ఉందని రాయండి. ఎక్కడా ఏమీ తేలకపోతే బీటా హెచ్‌సీజీ (రక్తంలో గర్భ హార్మోన్ పరీక్ష) చేయించి, 48 గంటలకు మళ్లీ చూడండి. అంకె సవ్యంగా పెరిగినా ఎక్టోపిక్ లేదని కాదు. ఈలోగా కళ్లు తిరిగినా, భుజం కొసన నొప్పి వచ్చినా ఏ వేళైనా రమ్మని ఆమెకూ ఇంట్లోవారికీ చెప్పి పంపండి.

గర్భాశయంలో గర్భం లేదని తేలి, ట్యూబులోది చిన్నదై, పగలక, పిండం గుండె కొట్టుకోకుండా ఉంటే మెథోట్రెక్సేట్ (గర్భం పెరగకుండా ఆపే మందు) ఇవ్వవచ్చు. పగిలితే నేరుగా థియేటర్‌కే. ఇంకో స్కానింగ్ కోసం ఆగవద్దు.

రక్తస్రావానికి మిగతా కారణాలు ముత్యాల గర్భం (పిండం బదులు నీటి తిత్తుల గుత్తి పెరిగేది), ముఖద్వారం దగ్గర పాలిప్ (చిన్న కండ): స్కానింగ్, స్పెక్యులమ్ సరిగ్గా చేస్తే అవే బయటపడతాయి.

ఎక్టోపిక్‌కు ఆపరేషన్ అయిన ఆర్‌హెచ్ నెగెటివ్ స్త్రీకి 72 గంటల్లోపు యాంటీ-డి (తర్వాతి బిడ్డ రక్తానికి వ్యతిరేకంగా తల్లిలో యాంటీబాడీలు పుట్టకుండా ఆపే) ఇంజెక్షన్ పడాలి. డిశ్చార్జి హడావుడిలో మరిచిపోయేది ఇదే.