హిప్ రూఫ్ అంటే ఏమిటి? మూలవాసం కొలత ఎలా తీయాలి?

హైదరాబాద్‌లో డాబా మీద పెంకుల కప్పు వేయించేటప్పుడు వాలుగా ఉన్న ప్రతిదాన్నీ హిప్ రూఫ్ అనేస్తుంటారు. రెండు వైపులే వాలి, మిగతా రెండు వైపులా ముక్కోణపు గోడ లేస్తే అది గేబుల్. నాలుగు వైపులా వాలి, గోడలన్నీ ఒకే ఎత్తున ఆగితేనే హిప్. అసలు ఆ పేరు మూల నుంచి కొప్పు (పైన వాలులు కలిసే అడ్డ గీత) దాకా ఎక్కే గీతది. దాని కింద ఉండేదే మూలవాసం. మండువా లోగిలిలో వాలులు లోపలి మూలలో కలుస్తాయి కాబట్టి నీళ్లు అక్కడికే చేరతాయి. హిప్ మీద పడ్డ నీళ్లు రెండు వైపులకీ జారిపోతాయి.

ఎండాకాలపు ఈదురుగాలికి గేబుల్ గోడ ఎదురొడ్డి నిలబడాలి, హిప్‌కు ఆ గోడే ఉండదు. డాబా పైన గాలి ఎక్కువ కాబట్టి మేం హిప్‌నే ఎంచుకోమంటాం.

చూరు అంచుల మధ్య 24 అడుగుల పొడవు, 16 అడుగుల వెడల్పు ఉందనుకోండి. కొలత గోడ నుంచి తీయకూడదు, చూరు అంచు నుంచే తీయాలి. ముందు మూలమట్టం, అంటే మూలలు సరిగ్గా 90 డిగ్రీలు ఉన్నాయా అని, చూడండి: ఎదురెదురు మూలల మధ్య రెండు కొలతలూ 28 అడుగుల 10 అంగుళాలు రావాలి. అంగుళం తేడా ఉన్నా కొప్పు పక్కకు జరుగుతుంది. నాలుగు వైపులా ఒకే వాలైతే కొప్పు పొడవు, పొడవులోంచి వెడల్పు తీసేసినంత, అంటే 8 అడుగులు. మంగళూరు పెంకుకు 30 డిగ్రీల వాలు పెడితే కొప్పు ఎత్తు 4 అడుగుల ఏడున్నర అంగుళాలు, చూరు నుంచి కొప్పుకు నేరుగా ఎక్కే మామూలు వాసం 9 అడుగుల 3 అంగుళాలు. మూలవాసం మాత్రం 12 అడుగుల రెండున్నర అంగుళాలు. దీన్నీ మామూలు వాసమంతే కోయించి, చాలక అతుకు వేయడం తరచూ జరిగే పొరపాటు. అతుకు దగ్గరే కప్పు కుంగుతుంది.

మూలవాసానికి ఆనే కురచ వాసాలు 2 అడుగుల ఎడంలో ఉంటే ఒక్కోటీ ముందుదానికంటే దాదాపు 27 ముప్పావు అంగుళాలు తగ్గుతూ పోతుంది. వాటిని రెండు వైపులా జతగా బిగించాలి. ఒక పక్కే ముందు బిగిస్తే మూలవాసం వంగుతుంది. ఇనుప పైపులతో కట్టినా లెక్క ఇదే.

కప్పు వైశాల్యం సుమారు 443 చదరపు అడుగులు. చదరపు మీటరుకు 15 పెంకుల లెక్కన 620 దాకా పడతాయి. మూలల్లో కోత ఎక్కువ కాబట్టి 680 తెప్పించండి.

కారేది దాదాపు ఎప్పుడూ మూల గీత దగ్గరే. ఏటవాలుగా కోసిన పెంకుకు వెనక ఉండే ముక్కు తెగిపోతే రీపర్‌కు (పెంకు ఆనే అడ్డ పట్టీకి) పట్టు ఉండదు, నెమ్మదిగా జారుతుంది. అలాంటి ముక్కకు రంధ్రం వేసి తుప్పు పట్టని తీగతో కట్టాలి. అరచేయంత ముక్కలు వాడకండి. పక్క పెంకును జరిపి పెద్ద ముక్క వచ్చేలా కోయించండి. కొప్పు పెంకుల్ని నీళ్లలో నానబెట్టాకే సిమెంటు మీద కూర్చోబెట్టాలి. మే ఎండలో పొడి పెంకు తడినంతా పీల్చేస్తే సిమెంటు పట్టుకోకుండా పొరలా ఊడిపోతుంది. సిమెంటు అంచుల వెంట మాత్రమే పెట్టండి. బోలు నిండా కూరితే తొలి వానకు చెమ్మ పీల్చి కింది మూలవాసాన్ని తడుపుతూనే ఉంటుంది.