హీరో చెయ్యి పట్టుకు లాగే ఎపిసోడ్‌ని పిల్లలతో ఎలా చదవాలి

మాది రాజోలు దగ్గర పల్లెటూరండి. మధ్యాహ్నం కుట్టు మిషను ఆపి, 17 ఏళ్ల మా మేనకోడలితో కలిసి ఫోన్‌లో ఎపిసోడ్లుగా వచ్చే ప్రేమకథలు చదువుతాను. హీరో బలవంతం చేసే సీను వస్తే మేం ఇలా చదువుతాం.

ముందు హీరో ఆస్తి, అందం, కారు పక్కన పెట్టేయండి. చేసిన పనులు మాత్రం కాగితం మీద రాయండి: దారి కాశాడు, ఫోను లాక్కున్నాడు, గోడకి అదిమాడు. అవే పనులు మన కాలవగట్టు మీద, కాలేజీ బస్సు దిగిన పిల్లతో ఎవడో చేసినట్టు మళ్లీ చదవండి. మా పిల్ల అక్కడే ఆగిపోయింది. "అత్తా, నేనైతే పరిగెత్తేదాన్ని" అంది.

తర్వాత అమ్మాయి "వద్దు" అన్న ప్రతిచోటా గీత గియ్యండి. ఆ వెంటనే "పెదవి వద్దంది గానీ గుండె ఔనంది" లాంటి వాక్యం వస్తే, మోసం అక్కడే. చెంపదెబ్బ తర్వాత అతని చిన్నప్పటి కష్టం ఫ్లాష్‌బ్యాక్‌లో వస్తుంది. జాలిపడొచ్చు, దెబ్బని మాత్రం మర్చిపోనివ్వకండి. అనుమానాన్ని ప్రేమకి కొలతగా చూపించడమే నాకు అన్నిటికంటే భయం.

వద్దన్నా పదేపదే వెంటపడటం భారతీయ న్యాయ సంహిత 78వ సెక్షన్ కింద నేరం, మొదటిసారికే 3 ఏళ్ల వరకు జైలు. మహిళా హెల్ప్‌లైన్ 181 కంఠతా పట్టించండి.

ఆఖర్న ఆ సీను పిల్లచేతే తిరగరాయించండి. మా పిల్ల కథలో, ఆమె రానంటే హీరో "సరే" అని కోటిపల్లి రేవులో ఒక్కడే గోదావరి దాటించే పంటు ఎక్కాడు.