సీరియల్ లైన్ వినే ముందు టీఎక్స్ వైరు పీకేయండి

పోయిన వారం బెంగళూరు పారిశ్రామిక వాడ పీన్యాలో ఒక చిన్న ఫ్యాక్టరీలో, తూకం మిషన్‌కూ కంప్యూటర్‌కూ మధ్య సీరియల్ లైన్‌లో (బిట్లు ఒకదాని వెనక ఒకటి పోయే లైను) ఏం నడుస్తోందో చూద్దామని మన కుర్రాడొకడు లాప్‌టాప్ తగిలించాడు. కాసేపటికే తూకాలు తప్పుగా వచ్చాయి, లైన్ ఆగింది. పంపే టీఎక్స్, వినే ఆర్‌ఎక్స్, గ్రౌండ్, మూడు వైర్లూ కలిపేశాడు. ఈ ఒక్క తప్పుతో ఉద్యోగం మీదికి తెచ్చుకున్నవాళ్లను ఇంతకుముందూ చూశాను.

వినడానికి రెండే వైర్లు కావాలి: మీ అడాప్టర్ (సీరియల్ లైనును లాప్‌టాప్‌కు కలిపేది) ఆర్‌ఎక్స్, గ్రౌండ్. టీఎక్స్ వైరును కనెక్టర్ నుంచే తీసి టేపు చుట్టండి. ఇలాంటి మిషన్లు వాడే సీరియల్ పద్ధతి ఆర్‌ఎస్-232లో ఒక లైనును ఒకరే నడపాలి. మీరేమీ పంపకపోయినా మీ టీఎక్స్ ఊరికే ఉండదు, ఆ లైనును మైనస్ వోల్టేజీలో పట్టి ఉంచుతుంది. అవతలి మిషన్ పంపే బిట్లు దానితో తగువు పడి పాడవుతాయి. రెండు వైపులా వినాలంటే రెండు అడాప్టర్లు పెట్టండి: 9 పిన్నుల కనెక్టర్‌లో ఒకదాని ఆర్‌ఎక్స్ పిన్ 2కు, రెండోదాని ఆర్‌ఎక్స్ పిన్ 3కు, గ్రౌండ్ పిన్ 5కు. రెండింటిలోనూ టీఎక్స్ ఉండకూడదు.

బెంగళూరు ఎలక్ట్రానిక్స్ బజారు ఎస్పీ రోడ్డులో దొరికే చిన్న యూఎస్‌బీ-టీటీఎల్ బోర్డు 3.3 లేదా 5 వోల్టులది. 232 లైను మైనస్ 15 నుంచి ప్లస్ 15 దాకా ఊగగలదు. నేరుగా తగిలిస్తే బోర్డు కాలొచ్చు, లాప్‌టాప్ పోర్టూ పోవచ్చు. ముందు మల్టీమీటర్ పెట్టండి. డేటా నడవనప్పుడు మైనస్ చూపిస్తే అది 232.

వైర్లు లేకుండా సాఫ్ట్‌వేర్‌తోనే చూస్తారా? విండోస్‌లో కామ్ పోర్టును (సీరియల్ పోర్టు) మామూలుగా ఒక్క ప్రోగ్రామే తెరవగలదు, కాబట్టి మానిటర్ సాఫ్ట్‌వేర్ పోర్టును నడిపే డ్రైవర్ దగ్గరే కూర్చుంటుంది. షిఫ్టు నడుస్తుండగా దాన్ని ఇన్‌స్టాల్ చేయొద్దు. లినక్స్ రెండు ప్రోగ్రాములకూ తలుపు తీస్తుంది, అది ఇంకా ప్రమాదం: ఒక ప్రోగ్రామ్ చదివిన బైటు రెండోదానికి అందదు.

తమ్ముళ్లూ, ఇక వరసగా వినండి. పుట్టీ (సీరియల్ లైను చూపించే ప్రోగ్రామ్) తెరిచి కీబోర్డు ముట్టొద్దు, నొక్కిన ప్రతి అక్షరం టీఎక్స్ మీద పోతుంది. అందుకే ఆ వైరు ఉండొద్దనేది. డీటీఆర్ (లాప్‌టాప్ సిద్ధమని చెప్పే వైరు) కలపొద్దు, పోర్టు తెరవగానే ఆర్డ్యూనో లాంటి చిన్న కంట్రోలర్ బోర్డులు రీసెట్ అవుతాయి. బాడ్ రేటు (లైను వేగం) మాన్యువల్‌లో చూసుకోండి. చార్జర్ తీసేసి బ్యాటరీ మీద నడపండి, రెండు ఎర్తుల మధ్య తేడా ఉంటే ఆ కరెంటు మీ గ్రౌండ్ వైరులోంచే పోతుంది. ఏప్రిల్, మే సాయంత్రాల్లో ఉరుము వినిపిస్తే, షెడ్డు నుంచి షెడ్డుకు పోయే కేబుల్ జోలికి వెళ్లొద్దు. ఏదైనా విప్పే ముందు ఫొటో తీయండి. సూపర్‌వైజర్‌కు చెప్పకుండా తగిలించొద్దు. టీఎక్స్ తీశారో లేదో ఇంకొకరి చేత చూపించుకోండి. నైట్ షిఫ్టులో ఒంటరిగా అసలే వద్దు.